నరం, కండరం: పట్టువిడుపుల లెక్క

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో ఎక్కువ భాగం నాడీకణాలు, కండర కణాల చుట్టూనే తిరిగాయి. ఒకే సందేహం అడిగినవాళ్ల ప్రశ్నలను కలిపి ఒకటిగా ఇస్తున్నాం.

ప్రశ్న: నరంలో నడిచేది కరెంటే అంటారు కదా, మరి తీగలో కరెంటుతో పోలిస్తే అంత నెమ్మది ఎందుకు? సోడియం-పొటాషియం పంపు ఆగితే నరం ఆ క్షణమే మూగబోతుందా?

జవాబు: రెండో ప్రశ్నతో మొదలుపెడదాం. పంపు ఆగిన క్షణంలో నరం మూగబోదు. ఎందుకో తెలియాలంటే లోపలా బయటా ఉన్న నిల్వలు చూడాలి. నాడీకణం లోపల పొటాషియం లీటరుకు దాదాపు 140 మిల్లీమోల్‌లు, బయట 4. సోడియం ఇందుకు తలకిందులు: లోపల 12, బయట 145. కణం విశ్రాంతిగా ఉన్నప్పుడు దాని పొరలో తెరిచి ఉండే దారులు ఎక్కువగా పొటాషియానివే. పొటాషియం ఎక్కువ ఉన్న చోటి నుంచి తక్కువ ఉన్న చోటికి జారుకుంటూ తన ధనావేశాన్ని వెంట తీసుకుపోతుంది. లోపల మిగిలిన రుణావేశం దాన్ని వెనక్కి లాగుతుంది. ఈ రెండు బలాలూ ఎక్కడ సరితూగుతాయో లెక్కగట్టొచ్చు. శరీర ఉష్ణోగ్రత దగ్గర, రెండు గాఢతల నిష్పత్తికి లాగరిథం తీసి 61.5తో గుణించాలి. 140ని 4తో భాగిస్తే 35, దాని లాగరిథం 1.54. అంటే సుమారు 95 మిల్లీవోల్టులు, లోపలివైపు రుణం. సోడియం కూడా కొద్దికొద్దిగా లోపలికి కారుతూ ఉంటుంది కాబట్టి అసలు విలువ మైనస్ 70 దగ్గర నిలుస్తుంది.

70 మిల్లీవోల్టులంటే ఏపాటి అనిపిస్తుంది. కానీ పొర మందం 5 నానోమీటర్లే. మీటరుకు లెక్కేస్తే కోటీ నలభై లక్షల వోల్టులు! పొరలో ఇమిడి ఉన్న ప్రోటీన్లు ఆకారం మార్చుకునేది ఈ ఒత్తిడికే.

ఇక పంపు సంగతి. అది కణానికి ఇంధనంలాంటి ఏటీపీ అణువును ఒకటి ఖర్చుపెట్టి 3 సోడియం అయాన్లను బయటికి తోస్తుంది, 2 పొటాషియం అయాన్లను లోపలికి తెస్తుంది. ఇలా నేరుగా అది కలిపే వోల్టేజి కొన్ని మిల్లీవోల్టులే. దాని అసలు పని నిల్వలు తరగకుండా చూడటం. యెన్స్ స్కౌ 1957లో పీత నరాల మీద పనిచేస్తూ ఈ ఎంజైమును పట్టుకున్నారు, 1997లో నోబెల్ అందుకున్నారు.

ఒక్క ప్రచోదనానికి, అంటే నరంలో నడిచే ఒక్క విద్యుత్ సంకేతానికి, నిల్వ ఎంత తరుగుతుంది? పొర వోల్టేజిని 100 మిల్లీవోల్టులు మార్చడానికి చదరపు మైక్రాన్‌కు సుమారు 6,000 సోడియం అయాన్లు లోపలికి వస్తే చాలు. 10 మైక్రాన్ల వ్యాసం ఉన్న యాక్సాన్ (నాడీకణం నుంచి సాగే పొడవాటి పోగు) తీసుకుంటే, అలాంటి యాక్సాన్‌లో ఇది లోపలి పొటాషియం నిల్వలో దాదాపు 35,000వ వంతు. నిజంగా వచ్చేవి ఈ కనీస లెక్క కంటే కొంత ఎక్కువే అయినా, పంపు పడుకున్నాక కూడా అలాంటి లావు యాక్సాన్ వేల ప్రచోదనాలు పంపగలదు. వ్యాసం 0.2 మైక్రాన్లు ఉన్న సన్న యాక్సాన్‌లో ఆ వంతు 700కు ఒకటి. నిల్వ అడుగంటేది ముందు వాటిలోనే. మెదడంతా అలాంటి సన్నపోగులూ, నాడీకణాలు కలిసే సంధులూనే. ప్రాణవాయువు అందకపోతే కొద్ది నిమిషాల్లోనే అక్కడ అయాన్ల తేడా కుప్పకూలుతుంది.

వేగం విషయానికొస్తే, తీగలో కరెంటు తీగ పొడవునా పోతుంది. నరంలో ప్రతి చోటా అయాన్లు పొరకు అడ్డంగా దాటాలి, ఆ మార్పు పక్కచోటును మేల్కొలపాలి. ఎండుగడ్డిలో ఒక పరక పక్క పరకను అంటించినట్టు అన్నమాట. అందుకే తొడుగు లేని సన్న పోగుల్లో వేగం సెకనుకు సుమారు 1 మీటరే. మైలిన్ తొడుగు ఉన్న లావు పోగుల్లో, తొడుగు తెగి ఉన్న కణుపుల దగ్గర మాత్రమే అయాన్లు దాటితే సరిపోతుంది. కణుపుకూ కణుపుకూ ఎడం సుమారు 1 మిల్లీమీటరు, కణుపు పొడవు 1 మైక్రాన్. కాబట్టి సెకనుకు 100 మీటర్ల దాకా అందుకుంటుంది.

ప్రశ్న: సోడియం అయాన్ పొటాషియం కంటే చిన్నది. మరి పొటాషియం పట్టే కంతలోంచి సోడియం ఎందుకు దూరదు?

జవాబు: కంతను జల్లెడ అనుకోవడం వల్ల వచ్చే చిక్కు ఇది. నీటిలో అయాన్ ఒంటరిగా ఉండదు, నీటి అణువులు దాని చుట్టూ మూగి ఉంటాయి. ఛానల్‌లో (పొరలో అయాన్లు దాటే దారిలో) ఇరుకైన చోటును దాటాలంటే ఆ నీటిని వదిలించుకోవాలి, దానికి శక్తి కావాలి. పొటాషియం ఛానల్ ఆ ఇరుకులో ఆక్సిజన్ పరమాణువులను నీటి అణువులు ఉన్న దూరంలోనే వలయంగా నిలబెట్టింది. 1.33 ఆంగ్‌స్ట్రామ్‌ల వ్యాసార్ధం గల పొటాషియం నీటిని విడిచి వీటిని పట్టుకుంటే నష్టమేమీ లేదు. 0.95 ఆంగ్‌స్ట్రామ్‌ల సోడియానికి ఆ ఆక్సిజన్లు అందవు. దానికి నీటిని వదలడం నష్టమే, అందుకే బయటే ఆగిపోతుంది. వెయ్యి పొటాషియంలకు ఒక్క సోడియం కూడా దొంగతనంగా దాటలేని ఈ కట్టడి ఉంటూనే సెకనుకు కోట్ల అయాన్లు పారతాయి. రోడరిక్ మెకినన్ బృందం 1998లో ఒక బాక్టీరియా ఛానల్‌ను స్ఫటికంగా మార్చి, ఎక్స్-కిరణాలతో ఈ అమరికను చూపించింది. 2003లో నోబెల్ వచ్చింది. జీవరసాయనంలో ఇంత ముచ్చటైన జవాబులు అరుదు.

ప్రశ్న: పన్ను కింద చీము పట్టినప్పుడు డాక్టరు ఇచ్చిన మత్తు సూది సరిగా పనిచేయలేదు. మందు నాసిరకమా?

జవాబు: మందును తప్పుపట్టక్కర్లేదు. లిడోకెయిన్ అడ్డుకునేది సోడియం ఛానల్‌ను. ఆ ఛానల్ పనితీరు ముందు చెప్పుకుందాం. దానిలో నాలుగు భాగాలు, ఒక్కో భాగం పొరను ఆరుసార్లు దాటుతుంది. నాలుగో దాటులో ప్రతి మూడో అమైనో ఆమ్లం ధనావేశం ఉన్నది. లోపలి రుణత్వం తగ్గగానే ఇవి బయటివైపు జరుగుతాయి, ద్వారం తెరుచుకుంటుంది. ఒక మిల్లీసెకను గడిచేసరికి ఛానల్‌కే లోపలివైపు వేలాడుతున్న ఒక బిరడా వచ్చి దారి మూసేస్తుంది. పొర మళ్లీ మైనస్ 70 వైపు దిగితే తప్ప ఆ బిరడా ఊడదు. ఈ బిరడాను గుర్తుంచుకోండి, కింద రెండు జవాబుల్లో మళ్లీ వస్తుంది.

లిడోకెయిన్ వెళ్లి పట్టుకునే చోటు ఛానల్‌లో లోపలివైపు ఉంది. ఆవేశం ఉన్న రూపంలో అది కొవ్వు పొరను దాటలేదు. ఆవేశం లేని రూపంలో దాటి, లోపలికి చేరాక మళ్లీ ఆవేశం తెచ్చుకుని పట్టేస్తుంది. దాని పీకేఏ, అంటే మందు సగం ఆవేశంతో, సగం ఆవేశం లేకుండా ఉండే పీహెచ్, 7.9. మామూలు కణజాలం పీహెచ్ 7.4 దగ్గర మందులో 24 శాతం ఆవేశం లేకుండా ఉంటుంది. చీము చోట పీహెచ్ 6.5కి పడితే 4 శాతమే. ఇచ్చింది ఎంతైనా నరం లోపలికి చేరేది మామూలుగా చేరేదాంట్లో ఆరో వంతు. పైగా వాపు వల్ల అక్కడ రక్తప్రవాహం పెరిగి మందును త్వరగా ఎత్తుకుపోతుంది. అందుకే పన్ను దగ్గర మళ్లీ మళ్లీ పొడవకుండా, చీముకు దూరంగా నరం మొదలు దగ్గర మందు ఇవ్వడం మేలైన పద్ధతి. మోతాదు పెంచుకుంటూ పోవడం ప్రమాదం. 2 శాతం ద్రావణంలో మిల్లీలీటరుకు 20 మిల్లీగ్రాములు ఉంటాయి. అడ్రినలిన్ కలపని లిడోకెయిన్‌కు హద్దు కిలో బరువుకు 4.5 మిల్లీగ్రాములు. అది దాటి రక్తంలో కలిస్తే మెదడులో, గుండెలో ఉన్న సోడియం ఛానల్‌లనూ వదలదు: మొదట పెదవుల చుట్టూ తిమ్మిరి, చెవుల్లో హోరు, ఆపైన మూర్ఛ.

ప్రశ్న: ముడతలకు ఇచ్చే బొటులినం సూది కండరాన్ని పడుకోబెడుతుంది. పురుగుమందు విషం కండరాలను అదరగొడుతుంది. ధనుర్వాతం బిగించేస్తుంది. మూడూ నరం చివరల మీదే పనిచేస్తాయట, ఎలా?

జవాబు: నరం కండరాన్ని తాకదు. మధ్యలో సుమారు 50 నానోమీటర్ల సందు ఉంటుంది. ఆ సందును దాటే తతంగంలో ఎక్కడ గొలుసు తెగిందన్నదాన్ని బట్టి ఫలితం మారుతుంది.

ప్రచోదనం నరం కొసకు రాగానే కాల్షియం ఛానల్‌లు తెరుచుకుంటాయి. బయట కాల్షియం లోపలికంటే పదివేల రెట్లు ఎక్కువ, తలుపు తీస్తే చాలు దూసుకొస్తుంది. లోపల ఎసిటైల్‌కోలిన్ (నరం పిలుపును కండరానికి మోసే రసాయనం) నింపిన సంచులు పొరకు ఆనుకుని సిద్ధంగా ఉంటాయి. సంచి మీద సినాప్టోబ్రెవిన్, పొర మీద సింటాక్సిన్, స్నాప్-25. ఈ మూడు ప్రోటీన్లూ తాడు పేనినట్టు మెలికపడి సంచిని పొరకేసి లాగి ఉంచుతాయి. సినాప్టోటాగ్మిన్ అనే మరో ప్రోటీన్ కాల్షియాన్ని పట్టుకోగానే మెలిక పూర్తయి సంచి బయటికి తెరుచుకుంటుంది. సంచికి 5,000 నుంచి 10,000 అణువులు, ఒక ప్రచోదనానికి పదుల కొద్దీ సంచులు. అవతల గ్రాహకానికి రెండేసి అణువులు అతుక్కుంటే దాని మధ్య దారి తెరుచుకుని సోడియం కండరంలోకి వస్తుంది. వెంటనే ఎసిటైల్‌కోలిన్ ఎస్టరేజ్ అనే ఎంజైము ఆ అణువులను తుంచేస్తుంది. పిలుపు ఎంత ముఖ్యమో ఈ తుంచివేత అంత ముఖ్యం. మొదటి పిలుపు చెరగకపోతే రెండోది వినపడదు.

బొటులినం ఏ-రకం విషం స్నాప్-25 కొసన తొమ్మిది అమైనో ఆమ్లాలను కత్తిరిస్తుంది. మెలిక పూర్తికాదు, సంచి తెరుచుకోదు, కండరం సడలిపోతుంది. నరం కొత్త ప్రోటీన్‌తో కోలుకునేదాకా, అంటే మూడు నాలుగు నెలలు, ఆ సడలింపు ఉంటుంది. ధనుర్వాతం విషమూ కత్తెరే, అది తెంచేది సినాప్టోబ్రెవిన్‌ను. కాకపోతే అది నరం వెంట వెన్నుపాములోకి ఎగబాకి, కండరాలను అదుపులో పెట్టే నిరోధక నాడీకణాల్లో ఆ పని చేస్తుంది. కళ్లెం తెగిన గుర్రంలా కండరాలకు ఆజ్ఞలు ఆగకుండా పోతాయి. దాదాపు ఒకే తరహా కత్తెర, చోటు మారేసరికి ఫలితం తలకిందులు.

ఆర్గానోఫాస్ఫేట్ పురుగుమందులు ఎస్టరేజ్‌లోని సెరీన్ అనే ఒక అమైనో ఆమ్లానికి అతుక్కుని ఎంజైమును పనికిరాకుండా చేస్తాయి. ఎసిటైల్‌కోలిన్ పేరుకుపోయి మొదట కండరాలు గగుర్పొడిచినట్టు అదురుతాయి. తర్వాత చచ్చుబడతాయి, ఎందుకంటే పొర కిందికి దిగదు, సోడియం ఛానల్ బిరడాలు ఊడవు. విరుగుడుగా ఇచ్చే అట్రోపిన్ గుండెనూ గ్రంథులనూ కాపాడుతుంది గానీ చేతులు, కాళ్లు, ఊపిరి కండరాల మీద దానికి పట్టు లేదు, అక్కడి గ్రాహకం వేరే రకం. మరో విరుగుడు ప్రాలిడాక్సిమ్, ఎంజైముకు అతుక్కున్న పురుగుమందు ముక్కను పీకగలదు. అదీ ఆ అతుకు ముదరకముందే. కొన్ని పురుగుమందులతో ముదరడానికి కొన్ని గంటలే పడుతుంది, కొన్నింటితో రోజుకు పైగా. తాగినా, ఒంటిమీద పడినా గంటలు లెక్కపెట్టుకుంటూ ఆసుపత్రికి చేర్చాలని చెప్పేది ఇందుకే. ఒంటిమీద పడితే బట్టలు తీసేసి సబ్బునీటితో కడగడం దారిలోనే మొదలుపెట్టాలి. కడిగేవాళ్లు చేతికి తొడుగులు వేసుకోవాలి.

ప్రశ్న: ప్రాణం పోయాక శక్తి ఉండదు. మరి కండరాలు మెత్తబడాల్సింది పోయి బిగుసుకుపోతాయెందుకు?

జవాబు: కండరంలో శక్తి ఖర్చయ్యేది పట్టుకోవడానికని మనం అనుకుంటాం. అణువుల లెక్కలో ఏటీపీ వచ్చి అతుక్కున్నప్పుడు జరిగేది విడుపు.

కండర పోగు లోపల సార్కోమియర్ అనే చిన్న గదులు వరుసగా ఉంటాయి, విశ్రాంతిలో ఒక్కోటి రెండు మైక్రాన్లకు కాస్త ఎక్కువ. రెండు గోడల నుంచి ఆక్టిన్ సన్న పోగులు లోపలికి చాచి ఉంటాయి, మధ్యలో 1.6 మైక్రాన్ల పొడవున్న మయోసిన్ లావు పోగు. కండరం పొట్టిదవుతున్నప్పుడు ఏ పోగూ పొట్టిదవ్వదు, ఒకదాని మీదుగా ఒకటి జారుతుంది. 1954లో రెండు బృందాలు విడివిడిగా ఈ సంగతి కనిపెట్టాయి. చిత్రంగా రెండింటిలోనూ హక్స్‌లీ అనే ఇంటిపేరే, వాళ్లకు చుట్టరికం లేదు.

ఒక లావు పోగుకు సుమారు 300 మయోసిన్ అణువులు, అణువుకు రెండేసి తలలు. ఒక తల చేసే పని ఇది. ఏటీపీ అతుక్కోగానే తల ఆక్టిన్‌ను వదిలేస్తుంది. ఏటీపీని ఏడీపీగా, ఫాస్ఫేట్‌గా చీల్చి, ఎక్కుపెట్టిన విల్లులా వెనక్కి వంగుతుంది. దారి తెరిచి ఉంటే ఆక్టిన్‌ను కొత్త చోట పట్టుకుంటుంది. ఫాస్ఫేట్ జారిపోవడంతో 5 నుంచి 10 నానోమీటర్లు లాగుతుంది. ఏడీపీ కూడా వెళ్లిపోయాక తల బిగపట్టి అలాగే ఉండిపోతుంది, మరో ఏటీపీ వచ్చేదాకా.

దారి తెరవడం కాల్షియం పని. విశ్రాంతిలో ట్రోపోమయోసిన్ అనే తాడు ఆక్టిన్ మీద పట్టుచోట్లను కప్పి ఉంచుతుంది. కణంలోపలి కాల్షియం నిల్వ తెరుచుకున్నప్పుడు కాల్షియం ట్రోపోనిన్ అనే ప్రోటీన్‌కు అతుక్కుని ఆ తాడును పక్కకు జరుపుతుంది. సడలాలంటే దాన్ని తిరిగి నిల్వలోకి తోడెయ్యాలి. అక్కడా ఒక పంపే, 2 కాల్షియం అయాన్లకు ఒక ఏటీపీ.

చనిపోయాక ఏటీపీ తయారీ ఆగుతుంది. కాల్షియం పంపు ఆగి, కారిన కాల్షియం పట్టుచోట్లను తెరిచే ఉంచుతుంది. పట్టుకున్న తలలను విడిపించే ఏటీపీ రాదు. కోట్లకొద్దీ తలలు పట్టిన పట్టు మీదే ఉండిపోతాయి. రెండు నుంచి నాలుగు గంటల్లో దవడ, మెడల దగ్గర బిగువు తెలుస్తుంది, 12 గంటలకల్లా ఒళ్లంతా పాకుతుంది. ఒకటిన్నర రెండు రోజులకు వదులవుతుంది. ఆ వదలడం సడలింపు కాదు, ప్రోటీన్లే చివికి తెగిపోవడం. వేడిలో ఇదంతా త్వరగా, చలిలో ఆలస్యంగా జరుగుతుంది. చనిపోయేముందు బాగా పెనుగులాడిన కండరాల్లో ఏటీపీ అప్పటికే తగ్గి ఉంటుంది కాబట్టి అక్కడ బిగువు ముందే వస్తుంది.

బతికున్న కండరం ఆ స్థితికి రానేరాదు. అందులో ఉన్న ఏటీపీ గట్టిగా పనిచేస్తే రెండు మూడు సెకన్లకే చాలుతుంది, కానీ క్రియేటిన్ ఫాస్ఫేట్ దాన్ని అక్కడికక్కడే భర్తీ చేస్తుంది. అదీ తగ్గేలోపు అలసట వచ్చి కండరం పనే తగ్గించేస్తుంది.

ప్రశ్న: వ్యాయామం చేసిన మర్నాడు నొప్పులు లాక్టిక్ ఆమ్లం వల్లేనా?

జవాబు: కాదు. లాక్టేట్ గంట, గంటన్నరలో రక్తంలోంచి తొలగిపోతుంది. నొప్పి ముదిరేది 24 నుంచి 72 గంటల మధ్య. కండరం బరువును ఆపుతూ సాగినప్పుడు, అంటే మెట్లు దిగేటప్పుడో, బరువు నెమ్మదిగా దించేటప్పుడో, కొన్ని సార్కోమియర్‌లు పట్టు తప్పి చిరుగుతాయి. ఆ మరమ్మతుతో వచ్చే వాపు నొప్పి ఇది.

ప్రశ్న: కండరం ముడుచుకోవడానికి కాల్షియం కావాలంటారు. రక్తంలో కాల్షియం తగ్గితే చేతులు కొంకర్లు పోతాయనీ అంటారు. రెండూ ఎలా కుదురుతాయి?

జవాబు: రెండు వేర్వేరు కాల్షియాలు. అస్థికండరం ముడుచుకోవడానికి వాడేది కణం లోపలి నిల్వలోది, రక్తంలో కొంత తగ్గినంత మాత్రాన అది తరగదు. బయటి కాల్షియానికి ఇంకో పని ఉంది. అది పొర బయటి అంచున చేరి, ఛానల్‌లకు వోల్టేజి వేరుగా అనిపించేలా చేస్తుంది. అది తగ్గితే సోడియం ఛానల్‌లు చిన్న కదలికకే తెరుచుకుంటాయి. నరం తనంతట తానే ప్రచోదనాలు పంపుతుంది, వేళ్లు దగ్గరికొచ్చి మణికట్టు వంగిపోతుంది. మొత్తం కాల్షియం మామూలుగా ఉన్నా ఇది రావొచ్చు. భయంతో గబగబా ఊపిరి తీస్తే కార్బన్ డయాక్సైడ్ తగ్గి, రక్తం క్షారగుణం పెరిగి, రక్తంలోని ఆల్బుమిన్ ప్రోటీన్ ఎక్కువ కాల్షియాన్ని పట్టేసుకుంటుంది. స్వేచ్ఛగా ఉండేది తగ్గుతుంది. నెమ్మదిగా, దీర్ఘంగా ఊపిరి వదలమని చెప్తే కాసేపట్లో వేళ్లు విడుతాయి. ముఖానికి సంచి కట్టడం వద్దు. ఆయాసానికి కారణం ఊపిరితిత్తుల్లోనో గుండెలోనో ఉంటే ప్రాణం మీదికి వస్తుంది.

గుండెది మరో దారి. దానికి బయటి కాల్షియం కొంత లోపలికి వస్తేనే లోపలి నిల్వ తెరుచుకుంటుంది. సిడ్నీ రింగర్ 1883లో రాసింది ఇదే. కప్ప గుండెను కొట్టుకునేలా ఉంచిన ద్రావణం కుళాయి నీటితో చేసినది, అందులో కాల్షియం ఉంది. స్వేదన జలంతో చేస్తే గుండె నీరసించి ఆగింది.

ప్రశ్న: రిపోర్టులో పొటాషియం 6.8 వచ్చింది, మనిషి మాత్రం బాగానే ఉన్నారు. కంగారు పడాలా?

జవాబు: పడాలి, ఆపైన పరీక్ష మళ్లీ చేయించాలి. మామూలు విలువ లీటరుకు 3.5 నుంచి 5 మిల్లీమోల్‌లు. పైన చెప్పిన లెక్కే వేస్తే, బయటి పొటాషియం 4 నుంచి 8కి చేరినప్పుడు పొటాషియం సరితూగే వోల్టేజి 18 మిల్లీవోల్టులు పైకి జరుగుతుంది. పొర దిగాల్సినంత దిగదు, సోడియం ఛానల్‌ల బిరడాలు కొన్ని ఊడవు, గుండెలో ప్రచోదనం నెమ్మదిస్తుంది. ఈసీజీ గీతలో మొదట టీ తరంగం అనే భాగం మొనదేలుతుంది, తర్వాత క్యూఆర్ఎస్ అనే భాగం వెడల్పవుతుంది, ఆ తర్వాత గుండె ఆగొచ్చు. కాబట్టి ఈసీజీ వెంటనే తీయాలి. మార్పులుంటే ఆసుపత్రిలో 10 శాతం కాల్షియం గ్లూకోనేట్ 10 మిల్లీలీటర్లు సిరలోకి నెమ్మదిగా ఇస్తారు. అది పొటాషియాన్ని తగ్గించదు, గుండెకు అరగంట నుంచి గంట దాకా రక్షణ ఇస్తుంది. ఆలోపు గ్లూకోజుతో కలిపి ఇచ్చే ఇన్సులిన్ మన పాత సోడియం-పొటాషియం పంపును ఉరకలెత్తించి పొటాషియాన్ని కణాల్లోకి తోయిస్తుంది.

ఈసీజీ బాగుండి, మూత్రపిండాలకు జబ్బు లేకుంటే నమూనాను అనుమానించండి. కణాల లోపల పొటాషియం ముప్పై అయిదు రెట్లు ఎక్కువని చూశాం కదా, గొట్టంలో కొన్ని ఎర్రకణాలు పగిలినా సంఖ్య పైకి లేస్తుంది. సన్న సూదితో గట్టిగా లాగడం, చేతికి కట్టే పట్టీ ఎక్కువసేపు బిగించి పదేపదే పిడికిలి మూయించడం, నమూనాను గంటలకొద్దీ అలాగే ఉంచడం, అన్నీ ఇందుకు కారణాలే. ఊదారంగు మూత గొట్టంలో రక్తం గడ్డకట్టకుండా ఉండే ఈడీటీఏ సాధారణంగా పొటాషియం లవణమే, అది కాల్షియాన్ని కూడా పట్టేస్తుంది. రక్తం ముందు అందులో పోసి తర్వాత రసాయన పరీక్ష గొట్టంలోకి తీస్తే ఒక చుక్క అంటినా చాలు. పొటాషియం బాగా ఎక్కువ, కాల్షియం నమ్మలేనంత తక్కువ ఒకే రిపోర్టులో కనబడితే, ఊదారంగు గొట్టాన్ని ఆఖరున నింపమని చెప్పి మరో చేతి నుంచి రక్తం తీయించండి.